రాజ్మా మెత్తబడితే సరిపోదు

శ్రీరామనవమి నాడు నానబెట్టిన పెసరపప్పులో కొబ్బరి కోరు, మామిడికాయ తురుము కలిపి వడపప్పు అని పంచుకుతింటాం. పొయ్యి వెలిగించే పనే ఉండదు. పొద్దున్నే పెసల మొలకల్లో ఉల్లిపాయ ముక్కలు, నిమ్మరసం కలుపుకుని తినేవాళ్లు ఊరూరా ఉన్నారు. పచ్చిశనగలు చేలోనే ఒలుచుకుని నోట్లో వేసుకుంటాం. అందుకే నీళ్లలో నానిన గింజ ఏదైనా తినడానికి పనికొస్తుందన్న నమ్మకం మనలో బాగా పాతుకుపోయింది.

పెసల విషయంలో ఈ నమ్మకం నిలబడుతుంది. రాజ్మా విషయంలో నిలబడదు. రాత్రంతా నానిన రాజ్మా గింజలు నాలుగైదు ఉడకకుండా కడుపులోకి వెళితే చాలు, గంటా రెండు గంటల్లో ఆరోగ్యవంతుడైన మనిషి కూడా వాంతులతో సొమ్మసిల్లవచ్చు. సరిగ్గా ఉడికిస్తే అవే గింజలు ఇంటిల్లిపాదికీ బలమైన తిండి. ఎండు రాజ్మా 100 గ్రాములకు 22 నుంచి 24 గ్రాముల ప్రోటీన్, దానితోపాటు పుష్కలంగా పీచు, ఫోలేట్, ఇనుము ఇస్తాయి. విషానికీ తిండికీ నడుమ ఉన్నదల్లా మరుగుతున్న నీళ్లలో గడిచిన కొన్ని నిమిషాలు. ఆ నిమిషాల్లో ఏం జరుగుతుందో తెలిస్తే వంటింట్లో ఎక్కడ జాగ్రత్తపడాలో ఎవరూ చెప్పనక్కర్లేదు.

రాజ్మా మన తాతముత్తాతలు ఎరిగిన పప్పు కాదు. దాని పుట్టిల్లు అమెరికా ఖండాలు: మెక్సికో ప్రాంతం, దక్షిణాన ఆండీస్ పర్వత సానువులు. కొలంబస్ తర్వాత సముద్రాలు దాటి ఐరోపాకు, ఆ వెనక మన దేశానికి వచ్చింది. జమ్మూలోని భదర్వా, హిమాచల్‌లోని చంబా, ఉత్తరాఖండ్ కొండ ఊళ్లు దానికి బాగా పేరు తెచ్చాయి. తెలుగు నేల మీద దీన్ని ఎక్కువగా పండించేది విశాఖ మన్యంలో. ఇప్పటి అల్లూరి సీతారామరాజు జిల్లాలోని చింతపల్లి, గూడెంకొత్తవీధి మండలాల్లో గిరిజన రైతులు కాఫీ, మిరియాలతో పాటు దీన్నీ పండించి సంతలకు తెస్తారు. చాలామందికి తెలియని సంగతి ఒకటుంది. కూరగాయల బజారులో మనం బీన్స్ అని కొనేవి, రాజ్మా ఒకే జాతి మొక్కలు. శాస్త్రజ్ఞులు పెట్టిన పేరు ఫేసియోలస్ వల్గారిస్. లేతకాయగా కోసుకునే రకాలు కూరకు వస్తాయి, ముదిరి ఎండాక గింజ ఒలుచుకునే రకాలు రాజ్మా అవుతాయి. పెసలు, మినుములు, బొబ్బర్లు వేరే కుటుంబశాఖకు చెందిన మన పాత పంటలు. వాటితో అలవాటైన పద్ధతిని దూరం నుంచి వచ్చిన ఈ గింజకు అంటగట్టడంతోనే చిక్కు మొదలవుతుంది.

బ్రిటన్‌లో ఈ చిక్కు ముందే బయటపడింది. 1976లో సెలవులకు వెళ్లిన కొందరు స్కూలు అబ్బాయిలు రాత్రంతా నానిన ఎర్ర రాజ్మాను ఉడికించకుండానే తిన్నారు. కాసేపటికే వాంతులు పట్టుకున్నాయి. ఆ తర్వాత మరికొన్ని చోట్ల ఇలాగే జరగడంతో డాక్టర్లు వివరాలన్నీ కూర్చి 1980లో బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో ప్రచురించారు. 1976 నుంచి 1989 దాకా ఆ దేశంలో రాజ్మా వల్లే అని అనుమానించిన సంఘటనలు 50 నమోదయ్యాయి. మాంసం తగ్గించి గింజధాన్యాలు తినాలన్న ఆలోచన అక్కడ బలపడుతున్న రోజులవి. ఆ వంటలో అనుభవం లేని ఇళ్లలోకి కొత్త గింజ వచ్చింది. ఇప్పుడు మన ఊళ్లలో ఆరోగ్యం పేరుతో మొలకలు, సలాడ్లు, రకరకాల పిండ్లు చేసుకుంటున్న తీరు చూస్తుంటే ఆ అనుభవం మనకూ పనికొస్తుందనిపిస్తుంది.

లక్షణాల వరస దాదాపు అందరిలోనూ ఒకటే. తిన్న ఒకటి నుంచి మూడు గంటల్లోపు తీవ్రంగా వికారం, ఆ వెంటనే ఆగని వాంతులు, మరికాసేపటికి విరేచనాలు, కొందరిలో కడుపునొప్పి. మొదలైనంత వేగంగానే తగ్గుముఖం పడుతుంది. ఎక్కువమంది మూడు నాలుగు గంటల్లో తేరుకుంటారు. క్రిములు పెరిగి కలిగే జబ్బు కాదు కాబట్టి యాంటీబయాటిక్స్‌తో పని లేదు. పోయిన నీటిని, లవణాలను భర్తీ చేయడమే వైద్యం. ఓఆర్‌ఎస్ ద్రావణాన్ని కొద్దికొద్దిగా తాగిస్తూ ఉండాలి. పసిపిల్లలు, వృద్ధులు, గర్భిణులు అయినా, నీళ్లు కూడా కడుపులో నిలవకపోయినా, మూత్రం రావడం తగ్గినా ఇంట్లో ఆగకుండా ఆసుపత్రికి వెళ్లాలి. వెళ్లినప్పుడు ఏం తిన్నారో, అది ఎలా వండారో తప్పక చెప్పాలి. నిన్నటి అన్నం మీదో, బయట తాగిన నీళ్ల మీదో అనుమానం పోతుంది కానీ సలాడ్‌లోని నాలుగు గింజలు చాలామందికి గుర్తు కూడా రావు.

ఇంత పని చేసేది ఒక ప్రోటీన్. దాని పేరు ఫైటోహీమాగ్లుటినిన్. లెక్టిన్లు అనే పెద్ద కుటుంబంలో ఇదొకటి. జీవకణాల పైపొర మీద చక్కెర అణువుల గొలుసులు ఉంటాయి. లెక్టిన్లు వాటిని గుర్తుపట్టి గట్టిగా అంటుకుంటాయి. ఒక్కో లెక్టిన్ అణువుకు అంటుకునే చోట్లు ఒకటికి మించి ఉంటాయి కాబట్టి రెండు మూడు కణాలను ఒకేసారి పట్టుకోగలదు. గాజుపాత్రలో రక్తకణాల మీద వేస్తే అవి ఒకదానికొకటి అతుక్కుని గుంపులు గుంపులుగా ముద్దకడతాయి. పేగులో అయితే ఇది లోపలి గోడ మీది కణాలకు అంటుకుంటుంది. మామూలు ప్రోటీన్‌ను ముక్కలు చేసే జీర్ణరసాలు దీన్ని అంత తేలిగ్గా విడగొట్టలేవు. ఆహారాన్ని పీల్చుకునే ఆ సున్నితమైన పొర దెబ్బతింటుంది, శరీరం ఉన్నదంతా బయటికి నెట్టేస్తుంది. స్కాట్లాండ్‌లోని అబర్డీన్‌లో ఉన్న రోవెట్ సంస్థలో ఆర్పాడ్ పుస్తాయ్ బృందం ఎలుకలకు పచ్చి రాజ్మా పెట్టి ఏళ్ల తరబడి దీన్ని పరిశీలించింది. లెక్టిన్ పేగు పొడవునా నాశనం కాకుండా ప్రయాణించడం వాళ్లు చూశారు.

గింజలో ఈ ప్రోటీన్ ఎంత ఉందో కొలిచే పద్ధతి కూడా రక్తకణాలతోనే. గింజను పొడిచేసి సారం తీస్తారు. ఆ సారాన్ని వరసగా సగానికి సగం పలచన చేస్తూ పోతారు. ఒక్కో గుంటలో కొంచెం రక్తకణాలు వేసి, ఎంత పలచన చేసినా ఇంకా ముద్దకట్టిస్తున్న చివరి గుంట ఏదో చూస్తారు. ఆ లెక్కన పచ్చి ఎర్ర రాజ్మాలో 20,000 నుంచి 70,000 యూనిట్లు ఉంటే, పూర్తిగా ఉడికిన దానిలో 200 నుంచి 400 మాత్రమే ఉంటాయి. తెల్ల రాజ్మాలో ఎర్రదానిలో ఉన్నదాంట్లో మూడోవంతు ఉంటుంది. మూడోవంతు అయినా తక్కువేమీ కాదు, దానికీ ఇవే జాగ్రత్తలు.

గింజ తనను తినవచ్చేవాళ్ల నుంచి కాపాడుకోవడానికి దాచుకున్న ఆయుధాల్లో ఇలాంటి ప్రోటీన్లు ఉంటాయి. ఈ కుటుంబంలో మొదట వెలుగులోకి వచ్చినది మనకు బాగా తెలిసిన గింజలోనిదే. 1888లో హెర్మన్ స్టిల్‌మార్క్ అనే పరిశోధకుడు, ఇప్పుడు ఎస్టోనియాలో టార్టుగా పిలిచే ఊరి విశ్వవిద్యాలయంలో, ఆముదపు గింజల సారం రక్తకణాలను ముద్దకట్టిస్తుందని చూపాడు. అందులోని విషం రైసిన్. ఆముదం పండించిన మన పల్లెల్లో ఆ గింజను పచ్చిగా నోట్లో పెట్టకూడదని చిన్నపిల్లలకు కూడా చెప్పేవాళ్లు. వంటాముదం తీసేటప్పుడు గింజలు వేయించి, దంచి, నీళ్లు పోసి పొయ్యి మీద బాగా మరిగించి, పైకి తేలిన నూనెను తేర్చేవాళ్లు. రైసిన్ నూనెలో కరగదు, మరుగుతున్న నీళ్ల వేడికి తట్టుకోదు. రైసిన్ అనే మాట ఎరగని ఆడవాళ్లు తరతరాలుగా విషాన్ని విరిచి మందును తీసుకున్నారు. వంటింటి జ్ఞానం మీద నాకున్న గౌరవానికి ఇదొక కారణం. రాజ్మాకు సంబంధించి అలాంటి జ్ఞానం మన దగ్గర కూడబెట్టుకునేంత కాలం గడవలేదు, అంతే.

మరిగిన నీళ్లలో నశించే ఈ ప్రోటీన్ వైద్యానికి చేసిన మేలు కూడా చెప్పాలి. రక్తంలోంచి ఎర్రకణాలను ముద్దకట్టించి తీసేసి, తెల్లకణాలను విడిగా పొందడానికి ప్రయోగశాలల్లో రాజ్మా సారాన్ని వాడేవాళ్లు. 1960లో అమెరికాలోని ఫిలడెల్ఫియాలో పీటర్ నోవెల్ ఒక వింత గమనించాడు. ఆ సారం తగిలిన తెల్లకణాలు ఊరికే ఉండకుండా విభజన మొదలుపెట్టాయి. క్రోమోజోములు విడివిడిగా కనబడేది కణం విభజన చెందే దశలోనే కాబట్టి, కొద్దిపాటి రక్తంతోనే క్రోమోజోములను పరిశీలించే దారి దీంతో సుగమమైంది. ఇవాళ హైదరాబాద్‌లోనో విజయవాడలోనో పదేపదే గర్భస్రావమవుతున్న దంపతులకు డాక్టరు కేరియోటైప్ పరీక్ష రాస్తే, వాళ్ల రక్తాన్ని సుమారు మూడు రోజులు పెంచేటప్పుడు అందులో ఈ రాజ్మా ప్రోటీన్‌నే వేస్తారు. కడుపులో అల్లకల్లోలం సృష్టించే అణువు పరీక్షనాళికలో పనిముట్టయింది.

ఇక వేడి సంగతి. ప్రోటీన్ అంటే పొడవైన గొలుసు ఒక ప్రత్యేకమైన మడతలో చుట్టుకుని ఉన్న రూపం. ఆ మడత ఉన్నంతవరకే దానికి అంటుకునే గుణం. మడత విచ్చుకుంటే ఆ శక్తి పోతుంది, మిగిలేది మామూలు పోషకం. కోడిగుడ్డు తెల్లసొన వేడికి తెల్లగా గట్టిపడడం ఇలాంటి మార్పే. అయితే తెల్లసొన 60 డిగ్రీలు దాటిన కొద్దిసేపటికే గడ్డకట్టడం మొదలుపెడుతుంది, రాజ్మా లెక్టిన్ దానికంటే చాలా మొండిది. 100 డిగ్రీల దగ్గర తెర్లుతున్న నీళ్లలో 10 నిమిషాలు ఉంటే నాశనమవుతుంది. 80 డిగ్రీల దగ్గర గంటల తరబడి ఉన్నా లొంగకపోవచ్చు.

లొంగకపోవడమే కాదు, పరిస్థితి ఇంకా పాడవుతుంది. 80 డిగ్రీల వరకే వేడి చేసిన గింజల్లో పచ్చి గింజలతో పోలిస్తే విషగుణం ఐదు రెట్ల దాకా పెరిగే అవకాశం ఉందని అమెరికా ఆహార, ఔషధ నియంత్రణ సంస్థ ఎఫ్‌డీఏ హెచ్చరిస్తుంది. సగం ఉడకడం అసలు ఉడకకపోవడం కంటే ప్రమాదం అన్నమాట. పచ్చి గింజ గట్టిగా, పసరు వాసనతో ఉంటుంది. ఎవరైనా రెండు నమిలి ఉమ్మేస్తారు. వెచ్చటి నీళ్లలో గంటల తరబడి నాని మెత్తబడిన గింజకు ఉప్పూ కారం పట్టి, వాసన కూడా కమ్మగా ఉంటుంది. మనిషి గిన్నెడు తినేస్తాడు. వేలితో నొక్కి చూసి మెత్తగా ఉంటే ఉడికిందనుకోవడం మన పప్పుల విషయంలో సరైన పరీక్షే. ఇక్కడ దాంతోపాటు ఇంకొకటి అడగాలి: నీళ్లు తెర్లాయా, ఎంతసేపు తెర్లాయి?

అమెరికా, బ్రిటన్‌లలో ఉన్న తెలుగువాళ్లకు ఈ ప్రశ్న మరీ ముఖ్యం. అక్కడి ఇళ్లలో స్లో కుక్కర్ మామూలు సామాను. పొద్దున ఆఫీసుకు వెళ్తూ గింజలు, టమాటాలు, మసాలా వేసి స్విచ్ వేస్తే సాయంత్రానికి కూర తయారు. ఇలాంటి కుక్కర్లలో వండిన వంటకాల్లో లోపలి వేడి చాలాసార్లు 75 డిగ్రీలు కూడా దాటలేదని పరీక్షల్లో తేలింది. కాబట్టి ఎండు రాజ్మాను నేరుగా స్లో కుక్కర్‌లో ఎప్పుడూ వేయకూడదు. ముందు పొయ్యి మీద బాగా మరిగించి, ఆ తర్వాత అందులోకి మార్చుకోవచ్చు. ప్రెషర్ కుక్కర్‌గా పనిచేసే ఎలక్ట్రిక్ కుండల్లో కూడా స్లో కుక్ అనే మీట విడిగా ఉంటుంది. పని చేసేది ప్రెషర్ మీట మాత్రమే. వేడిని పట్టి ఉంచే థర్మల్ కుక్కర్లు, రైస్ కుక్కర్‌లోని వార్మ్ సెట్టింగ్, మబ్బు పట్టిన రోజున సోలార్ కుక్కర్, ఇవన్నీ ఈ గింజకు పనికిరానివే. డబ్బాల్లో వచ్చే రాజ్మాతో బెంగలేదు. డబ్బా మూసిన తర్వాత ఫ్యాక్టరీలో 100 డిగ్రీలకు పైబడిన ఆవిరి వేడిలో ఉడికిస్తారు.

పిండి చేస్తే ఏమవుతుంది? దీనికి జపాన్ జవాబు చెప్పింది. 2006 మే నెలలో అక్కడి ఒక టీవీ కార్యక్రమం బరువు తగ్గడానికి ఒక చిట్కా ప్రసారం చేసింది. తెల్ల రాజ్మాను మూడు నిమిషాలు వేయించి, పొడి కొట్టి, అన్నం మీద చల్లుకుని తినమని. ఆ గింజలో పిండిపదార్థాన్ని అరగనివ్వని మరో ప్రోటీన్ కూడా ఉంది. దాన్ని వాడుకుని సన్నబడవచ్చన్నది వాళ్ల ఆలోచన. చూసినవాళ్లు ఆ రాత్రే చేసుకుతిన్నారు. వాంతులు, విరేచనాలతో బాధపడినవాళ్లు వందకు మించారు, ఆసుపత్రిలో చేరినవాళ్లూ ఉన్నారు. మూడు నిమిషాల పొడి వేడి గింజ నడిమధ్యకు చేరదు, చేరినా నీళ్లు లేకుండా లెక్టిన్‌ను విప్పడం కష్టం.

ఈ సంఘటన నన్ను ఎక్కువగా కలవరపెట్టేది మన ఇళ్లలోని పసిపిల్లల వల్ల. ఆరో నెల దాటిన బిడ్డకు ఉగ్గు కోసం బియ్యం, పెసరపప్పు, కందిపప్పు దోరగా వేయించి మిక్సీ పట్టడం మన దగ్గర అనాదిగా ఉన్న మంచి పద్ధతి. ఇప్పుడు బలం ఎక్కువ రావాలని అందులో రాజ్మా, సోయా, ఇంకా దొరికిన గింజలన్నీ కలిపే వాడుక వచ్చింది. వేయించిన రాజ్మా పిండిని నీళ్లలో కలిపి, చిక్కబడగానే దించేస్తారు. చిక్కబడటానికి పది నిమిషాలు పట్టదు. చిక్కబడ్డాక అడుగంటుతుందన్న భయంతో మంట కూడా తగ్గిస్తారు. పసిబిడ్డకు వాంతులు, విరేచనాలు అంటే పెద్దవాళ్లకు వచ్చినట్టు కాదు, ఒంట్లో నీళ్లు గంటల్లో అడుగంటుతాయి. ఉగ్గు పిండిలో, మాల్ట్ పిండిలో రాజ్మా వేయకండి. బిడ్డకు రాజ్మా పెట్టాలనుకుంటే కుక్కర్‌లో పూర్తిగా ఉడికించి, తొక్క తీసి, మెదిపి పెట్టండి.

నవధాన్యాల దోసె అని అన్ని పప్పులూ నానబెట్టి రుబ్బే పిండికీ ఇదే మాట. పెనం మీద అట్టు రెండు మూడు నిమిషాలకు మించి ఉండదు. పెసరట్టుకు ఆ కాస్త వేడి చాలు, రాజ్మాకు చాలదు. మొలకెత్తిస్తే లెక్టిన్ కొంత తగ్గుతుంది, పూర్తిగా పోదు. అందుకే రాజ్మా మొలకలు కూడా పచ్చిగా తినేవి కావు. బజారులో కలగలుపు మొలకల పొట్లాలు కొనేటప్పుడు అందులో ఏమేం ఉన్నాయో ఒకసారి చూడండి.

ఇదంతా చదివి రాజ్మా డబ్బాను అటకెక్కించనక్కర్లేదు. మన వంటింట్లోనే దీనికి సరిపోయే పనిముట్టు ఉంది. ఈల వేసే ప్రెషర్ కుక్కర్. గట్టిగా మూసిన పాత్రలో ఆవిరి ఒత్తిడి పెరిగితే నీరు మరిగే ఉష్ణోగ్రత కూడా పెరుగుతుంది. మన కుక్కర్ల మీది వెయిట్ నిలబెట్టే ఒత్తిడిలో లోపల సుమారు 120 డిగ్రీల వేడి ఉంటుంది. స్లో కుక్కర్లున్న దేశాల్లో వచ్చినంత ముప్పు కుక్కర్ వాడకం బాగా ఉన్న మన దేశంలో వినబడకపోవడానికి ఇది పెద్ద కారణమని నా అభిప్రాయం.

వండే ముందు గింజలను ఏరి, కడిగి, మూడు రెట్లకు తగ్గకుండా నీళ్లు పోసి 8 నుంచి 12 గంటలు నానబెట్టాలి. మన ఎండాకాలంలో అంతసేపు బయట ఉంచితే నీళ్లు నురగకట్టి పులిసిపోతాయి. మధ్యలో ఒకసారి నీళ్లు మార్చండి, లేదా గిన్నెను ఫ్రిజ్‌లో పెట్టండి. నానడం వల్ల విషం పోతుందనుకోవద్దు. నానిన గింజలోకి వేడి నడిమధ్య దాకా సమంగా చేరుతుంది, అసలు ప్రయోజనం అదే. నానని గింజ పైన చిట్లిపోయి లోపల రాయిలా ఉండిపోతుంది. కడుపుబ్బరం తెచ్చే రాఫినోజ్, స్టాకియోజ్ అనే చక్కెరలు కూడా కొంతవరకు నీళ్లలోకి దిగుతాయి. అందుకే ఆ నీళ్లు పారబోసి, గింజలు మళ్లీ కడిగి, కొత్త నీళ్లు పోసి వండాలి.

నీళ్ల రకం కూడా లెక్కలోకి వస్తుంది. బోరు నీళ్లలో పప్పు ఉడకదని మన ఆడవాళ్లు చెప్పే మాటలో నూటికి నూరుపాళ్లు రసాయనశాస్త్రం ఉంది. గింజ కణాలను అతికించి ఉంచేది పెక్టిన్ అనే పదార్థం. కఠిన జలంలోని కాల్షియం, మెగ్నీషియం పెక్టిన్‌ను ఇంకా బిగించేస్తాయి. నానబెట్టే నీళ్లలో చెంచాడు ఉప్పు వేస్తే దానిలోని సోడియం కొంతవరకు కాల్షియం స్థానాన్ని ఆక్రమించి తొక్కను వదులు చేస్తుంది. ఉప్పు ముందే వేస్తే గింజ ఉడకదని చాలామంది అంటారు కానీ రాజ్మా విషయంలో అది నిజం కాదు. బోరు నీళ్లు తప్పకపోతే చిటికెడు వంటసోడా సాయపడుతుంది. ఎక్కువ వేస్తే సబ్బు రుచి వస్తుంది, బి1 విటమిన్ నష్టమవుతుంది. గింజను నిజంగా గట్టిపరిచేది పులుపు. చింతపండు పులుసు, టమాటా ముందే వేస్తే గంటలు గడిచినా పెక్టిన్ కరగదు. పులుపు ఎప్పుడూ గింజ పూర్తిగా ఉడికాకే. ఏళ్ల తరబడి డబ్బాలో ఉండిపోయిన గింజలు, వేడిలో తేమలో నిలవున్నవి ఎంత నానబెట్టినా మొండికేస్తాయి. అలాంటివాటితో కుస్తీపట్టడం కంటే కొత్తవి తెచ్చుకోవడం మేలు.

కుక్కర్‌లో గింజలు, నీళ్లు కలిసి సగం దాటకూడదు. రాజ్మా నురగ కక్కుతుంది. నురగలోని తొక్కలు ఆవిరి గొట్టంలో ఇరుక్కుంటే పేలిపోయే ప్రమాదం. ఒక చెంచా నూనె వేస్తే నురగ తగ్గుతుంది. పెద్ద మంట మీద ఐదారు ఈలలు వచ్చాక సిమ్‌లో 15 నుంచి 20 నిమిషాలు ఉంచి, దించి, ఒత్తిడి దానంతటదే దిగేదాకా ఆగాలి. మూత తీశాక నాలుగైదు గింజలు వేర్వేరు చోట్ల నుంచి తీసి వేళ్ల మధ్య నొక్కండి. ఒక్కదానిలోనైనా నడుమ గట్టి పలుకు తగిలితే మళ్లీ మూత పెట్టాల్సిందే.

కుక్కర్ లేకపోతే మామూలు గిన్నెలోనూ నిశ్చింతగా చేయవచ్చు. కొత్త నీళ్లలో వేసి, పెద్ద మంట మీద నీళ్లు తెర్లడం మొదలయ్యాక గడియారం చూసుకోండి. బ్రిటన్ ఆహార ప్రమాణాల సంస్థ చెప్పేది కనీసం 10 నిమిషాలు. వేడి అన్ని గింజలకూ చేరిందో లేదో ఇంట్లో కొలవలేం కాబట్టి ఎఫ్‌డీఏ 30 నిమిషాలు మరిగించమంటుంది. నేనైతే 30 నిమిషాల మాటే పట్టుకుంటాను. ఎలాగూ మెత్తబడటానికి ఇంకో ముప్పావుగంట పడుతుంది. ఆ తర్వాత మంట తగ్గించి నెమ్మదిగా ఉడకనివ్వచ్చు.

ఈ మధ్య లెక్టిన్ల పేరు చెప్పి పప్పులన్నీ విషమేనని ప్రచారం చేసేవాళ్లు తయారయ్యారు. కందిపప్పు, శనగపప్పు, టమాటా, వంకాయ అన్నీ మానేయమంటారు. ఇందులో ఆరోగ్యం ఏమీ లేదు. రాజ్మాలో ఉన్నంత చురుకైన లెక్టిన్ మనం రోజూ తినే పప్పుల్లో లేదు. ఉన్న కొంచెం ఉడికితే పోతుంది. రాజ్మా విషయంలోనూ పచ్చిగింజను చూపించి ఉడికిన కూరను తిట్టడం న్యాయం కాదు. చవకగా దొరికే ప్రోటీన్‌ను పేదవాడి కంచంలోంచి తీయించే మాట ఎవరు చెప్పినా రెండుసార్లు ఆలోచించాలి.

కొండ మీద వండేవాళ్లకు ఒక అదనపు లెక్క ఉంది. పైకి వెళ్లేకొద్దీ గాలి ఒత్తిడి తగ్గుతుంది, దాంతోపాటు నీళ్లు తక్కువ వేడికే మరుగుతాయి. సుమారు 300 మీటర్లకు ఒక డిగ్రీ చొప్పున తగ్గుతుందనుకోవచ్చు. చలికాలం మంచు చూడటానికి జనం వెళ్లే లంబసింగి దాదాపు 1000 మీటర్ల ఎత్తున ఉంది. అక్కడ నీళ్లు 97 డిగ్రీల దగ్గరే తెర్లుతాయి. గుడారం ముందు మూడు రాళ్ల పొయ్యి మీద వండుకునేవాళ్లు మరిగించే సమయం అరగంటకు తగ్గకుండా చూసుకోవాలి. 3500 మీటర్ల ఎత్తులోని లేహ్‌లో నీళ్లు 88 డిగ్రీలకే మరిగిపోతాయి. కళ్లముందు నీళ్లు బుడబుడా తెర్లుతున్నా ఆ వేడి లెక్టిన్‌ను నాశనం చేయడానికి చాలదు. అక్కడ తెరిచిన గిన్నెలో రాజ్మా వండకూడదు. అదే చోట మన ఈల కుక్కర్ పెడితే బయటి ఒత్తిడి తక్కువైనా లోపల దాదాపు 114 డిగ్రీలు అందుతాయి. మైదానంలో కంటే మరో పది నిమిషాలు సిమ్‌లో ఎక్కువ ఉంచి, మూత తీశాక పలుకు చూసుకుని వడ్డించుకోవచ్చు.